నాకు అప్పగించవలసిందిగా

మణిమాలను కన్నతండ్రే ఆమె మేనమామ గారి మేడ మీద గదిలో ఉంచి తాళం వేసి పంతొమ్మిది రోజులైంది. ఆమెకు ఇరవై ఆరేళ్ళు. బడిలో లెక్కలు చెబుతుంది. చేసిన నేరమల్లా నచ్చినవాణ్ణి రిజిస్ట్రారు ఎదుట పెళ్ళాడడం.

ఆమెను కోర్టు ముందు హాజరుపరచమని హెబియస్ కార్పస్ పిటిషన్ రాసే పని జూనియర్ వకీలు ఇందుశేఖర్‌కు వచ్చింది. ఒక్క ఉదయంలో పూర్తి చేశాడు. తన రాతలో దిద్దడానికేమీ ఉండదని అతని ధీమా.

సీనియర్ రహమతుల్లా గారి ఆఫీసులో ఒక ఆనవాయితీ ఉంది. ఇంగ్లీషులో ఏది రాసినా, సంతకానికి ముందు కక్షిదారుకు తెలుగులో చదివి వినిపించాలి.

ఎదురుగా మణిమాల భర్త ప్రసన్నబాబు కూర్చున్నాడు. ఇందుశేఖర్ చదువుతూ చివరికి వచ్చేసరికి గొంతు పెంచాడు. "కనుక నా భార్యను ఆమె తండ్రి చెర నుంచి విడిపించి, నాకు అప్పగించవలసిందిగా ప్రార్థిస్తున్నాను."

గుమాస్తా యాదగిరి ఫైళ్ళ వెనక నుంచి నవ్వాడు. "అప్పగింతలకు పాలగిన్నె కూడా తెమ్మంటారా, సార్?"

"నీకు హాస్యంగా ఉందా? మాదిరి పత్రాలన్నిటిలోనూ ఇదే మాట," అన్నాడు ఇందుశేఖర్ చిరాగ్గా.

రహమతుల్లా గారు లేచి వచ్చారు. ఇందుశేఖర్ కుడిచేతిని పట్టుకుని యాదగిరి చేతిలో పెట్టారు.

"యాదగిరీ, ఇతన్ని వకీలు శివరామయ్య గారి ఆఫీసులో అప్పగించి రా. ఇకమీదట అక్కడే పనిచేస్తాడు. మంచి చోటు."

యాదగిరి నిజంగానే రెండడుగులు లాగాడు. ఇందుశేఖర్ ముఖం ఎర్రబడింది.

"మంచి చోటే కావచ్చు, సార్. నన్నొక్క మాట అడగరా?"

రహమతుల్లా గారు వెళ్ళి కూర్చుని, పిటిషన్ కాగితాలు అతని వైపు జరిపారు.

ఇందుశేఖర్ ఆ చివరి వాక్యాన్ని చాలాసేపు చూశాడు. కొట్టివేసి, మళ్ళీ రాసి చదివాడు: ఆమెను హాజరుపరచి, ఆమెనే అడిగి, ఆమె కోరిన చోటికి వెళ్ళనివ్వవలసిందిగా.

అది వినగానే ప్రసన్నబాబు సంతకానికి ఎత్తిన కలం ఆగింది. "సార్, ఇన్నాళ్ళూ వాళ్ళ మధ్యే ఉంది. బెదిరిపోయి నా పేరు చెప్పకపోతే?"

"చెప్పకపోవచ్చు, బాబూ," అన్నారు రహమతుల్లా గారు.

ప్రసన్నబాబు ఒక్కసారి కళ్ళు మూసుకుని తెరిచాడు. ప్రతి పేజీ కిందా సంతకం చేశాడు.

నాలుగో రోజు పోలీసులు మణిమాలను కోర్టుకు తీసుకువచ్చారు. ఒక పక్క తండ్రి, ఒక పక్క భర్త.

"ఎక్కడికి వెళ్ళాలనుకుంటున్నావమ్మా?" న్యాయమూర్తి అడిగారు.

ఆమె తండ్రి వైపు, భర్త వైపు చూసింది. తండ్రి గట్టిగా దగ్గాడు. జవాబు నోటిదాకా వచ్చి ఇందుశేఖర్ సగం లేచాడు. ఎవరూ ఆపకుండానే మళ్ళీ కూర్చున్నాడు.

"బడికండీ," అంది మణిమాల. "పిల్లలకు పరీక్షలు. సాయంత్రం ఆయన దగ్గరికి, మా ఇంటికి. దారి నాకు తెలుసు. ఎవరూ తీసుకువెళ్ళనక్కర్లేదు."

రహమతుల్లా గారు తల తిప్పకుండానే ఇందుశేఖర్‌తో మెల్లగా అన్నారు: "ఆమె అన్నది అన్నట్టే రాసుకో."