మంచునూలు దుప్పట్లు

అనగనగా, కొండలు ఒకదానితో ఒకటి మాట్లాడుకునే కాలంలో, నీలవరమనే రాజ్యంలో చెంగల్వ అనే నేతగత్తె ఉండేది. కొండ దిగివచ్చే మంచును ఆమె నూలుగా వడికేది. ఆ నూలుతో దుప్పట్లు నేసేది. అవి కప్పుకున్నవారు తాము కోరుకున్న లోకానికి వెళ్ళిపోయేవారు. అక్కడ ఎండ తగిలేది, నీళ్ళు చల్లగా ఉండేవి, ఆకలి మాత్రం ఉండేది కాదు.

ఒకసారి నీలవరంలో మూడేళ్ళు వాన పడలేదు. రాజు శరభుడు చెంగల్వ ఇంటికి తానే నడిచి వచ్చాడు.

"అమ్మా, నా ప్రజల ఆకలి తీర్చలేకపోతున్నాను. కనీసం దాన్ని మరిపించనియ్యి. మనిషికొక దుప్పటి నేసిపెట్టు" అన్నాడు.

చెంగల్వకు జాలేసింది. నేసి ఇచ్చింది. జనమంతా కప్పుకున్నారు, రాజు కూడా కప్పుకున్నాడు. పొద్దుకొకసారి లేచి, గుక్కెడు గంజి తాగి, మళ్ళీ ముసుగు తన్నేవారు.

నాలుగో ఏడు వాన వచ్చింది. చెరువులు నిండాయి, బీళ్ళు మెత్తబడ్డాయి. చెంగల్వ తడుస్తూ వీధులన్నీ తిరిగింది. ఒక్క తలుపూ తెరుచుకోలేదు. నాగళ్ళు చూరు కింద ఉన్నవి ఉన్నట్టే ఉన్నాయి. మృగశిర కార్తె దాటితే విత్తనం మొలవదు. గంజికి గింజలు కూడా అడుగంటాయి.

దుప్పట్లు విప్పక తప్పదని ఆమెకు తెలిసింది. కానీ దానికొక కట్టడి ఉంది. నూలు కొస ఎక్కడుందో నేసినవారికే కనబడుతుంది. లాగవలసింది మాత్రం కప్పుకున్నవారే. వేరెవరైనా లాగితే లోపలి మనిషి తిరిగి రాలేడు.

మొదట రైతు బైరన్న ఇంటికి వెళ్ళింది. అతను గంజి కోసం లేచి కూర్చున్నాడు.

"బైరన్న మామా, వాన పడింది."

"నా పొలంలో రోజూ పడుతూనే ఉంది పిల్లా. మూడు పంటలు కోశాను."

"అందులో ఒక్క గింజైనా ఇంటికి తెచ్చావా?"

చెంగల్వ తడిమట్టి పిడికెడు తెచ్చి అతని అరచేతిలో పెట్టింది. అతను వాసన చూశాడు. చాలాసేపు అలాగే పట్టుకున్నాడు.

"కొస ఎక్కడుందో చూపించు" అన్నాడు చివరికి. లాగాడు. దుప్పటి వరసవరసా విడిపోయి, మంచై, గాలిలో కలిసిపోయింది.

తర్వాత కుమ్మరి సోమక్క దగ్గరికి వెళ్ళింది.

"అక్కడ నా కుండ ఒక్కటీ పగలదు. నేను రాను" అంది సోమక్క.

"రావద్దులే అక్కా. దుక్కికి వెళ్ళే బైరన్న మామకు గంజి తీసుకెళ్ళాలి, కుండ లేదు. ఒక్కటి చేసిపెట్టి పడుకో."

సోమక్క సణుగుతూ సారె ముందు కూర్చుంది. మొదటి కుండ వంకర పోయింది. రెండోది కూలిపోయింది. మూడోది నిలబడింది. దాని అంచు నిమిరి, తనలో తాను నవ్వుకుని, సోమక్క కూడా కొస లాగింది.

మిగిలినవారు మాత్రం, "రాజుగారు లేవనీ, అప్పుడు చూద్దాం" అన్నారు. విత్తనాల కొట్టు తాళం కూడా రాజు దగ్గరే ఉంది. చెంగల్వ కోటకు వెళ్ళింది.

"నా లోకంలో జనమంతా కడుపునిండా తింటున్నారు, నేనే వడ్డిస్తున్నాను" అన్నాడు శరభుడు. "లేస్తే ఎండిపోయిన వాళ్ళ ముఖాలు చూడాలి. నాకంత ధైర్యం లేదు." అంతలో అతని చూపు ఆమె భుజం మీదున్న తువాలుపై పడింది. "అదీ మంచునూలేగా? మమ్మల్ని విప్పమంటున్నావు, నీది విప్పావా?"

ఉత్త తువాలని చెప్పి తప్పించుకోవచ్చు. చెంగల్వ అలా చెప్పలేదు.

"లేదు ప్రభూ. ఇందులో మా అమ్మ ఉంది. కరువు రెండో ఏట పోయింది. రోజూ కాసేపు వెళ్ళి పక్కన కూర్చుంటాను. అందరి కొసలూ వెతికాను గాని, నా కొస ముట్టుకోలేకపోయాను."

అక్కడే కూర్చుని ఆ తువాలు కప్పుకుంది. లోపల తల్లి నూలు వడుకుతోంది. కూతుర్ని చూసి రాట్నం ఆపింది.

"తలంతా తడిసిందేమే? వాన పడిందా?"

"పడిందమ్మా."

"మరి ఇక్కడేం చేస్తున్నావు? పో, బోలెడు పనుంటుంది."

చెంగల్వ కొస వెతికి లాగింది. తువాలు విడిపోయి మంచై కిటికీలోంచి వెళ్ళిపోయింది. ఆమె కాసేపు ఏడ్చి, పైటతో ముఖం తుడుచుకుంది.

శరభుడు తన దుప్పటి ఆమె ముందుకు జరిపాడు. ఆమె కొస చూపింది, అతను లాగాడు. తాళంచెవి తీసుకుని కొట్టు వైపు నడిచాడు.

ఆ వారమంతా రాజు విత్తనాల గంప ఎత్తుకుని ఇంటింటికీ తిరిగాడు. వెంట చెంగల్వ కొసలు చూపుతూ వెళ్ళింది. కొందరు తిట్టారు, కొందరు ఏడ్చారు, అందరూ లేచారు. మృగశిర దాటకముందే చివరి చేను విత్తడం అయిపోయింది. జొన్న ఏపుగా పెరిగింది. చెంగల్వ పత్తినూలుతో పంచెలూ చీరలూ నేస్తూ హాయిగా బతికింది.

ఎదుటివారిని మేలుకొమ్మనే మనిషి ముందు తాను మేలుకుంటే, ఆ మాటను లోకం వింటుంది.