పేరునిలిచిన కోనలో ఊయల గ్రంథం

ఇంద్రాళ సీమకు ఉత్తరాన, పట్టపగలు కూడా జంట చంద్రులు కనిపించే కొండల నడుమ, పేరునిలిచిన కోన అనే పుణ్యస్థలం ఉంది. ఇక్కడి గర్భగుడిలో విగ్రహం లేదు. గొలుసులకు వేలాడే రాతి ఊయలలో పట్టుబట్ట పరచి, వెండితాడి ఆకుల గ్రంథాన్ని పడుకోబెట్టి ఉంటారు. పలుకులతల్లి ఆ రూపంలోనే పూజలందుకుంటోంది. వచ్చిన భక్తులు ముందుగా ఊయలను మెల్లగా ఊపి, ఆ తరువాతే నమస్కరిస్తారు. దైవగ్రంథాన్ని పసిబిడ్డలా చూసుకునే ఈ ఆచారం వెనుక కథను పెద్దలు ఇలా చెబుతారు.

పూర్వం ఈ కోనకు మరపుమంచు భయం ఉండేది. చలికాలం వెళ్ళేముందు అది పై శిఖరాల నుండి దిగేది. సోకినవారికి జబ్బు చేసేది కాదు. తినేవారు, పనికి పోయేవారు. కానీ చనిపోయిన తమవాళ్ళను పూర్తిగా మరచిపోయేవారు. ఏటేటా మంచు చిక్కబడుతుంటే, రేపు బతికున్నవాళ్ళను కూడా మరచిపోతామేమోనని జనం వణికిపోయారు.

వారి బాధ చూడలేక విశోకుడనే ముని కనుమ దగ్గర కూర్చుని పలుకులతల్లి కోసం తపస్సు చేశాడు. తల్లి కరుణించి, రోజూ తెల్లవారుజామున ఒక్కొక్క శ్లోకం వినిపిస్తానని, దానిని వెండితాడి ఆకుల మీద రాయమని ఆనతిచ్చింది. చివరి ఆకు నిండిన గ్రంథాన్ని కనుమలో నిలిపితే మంచు దానిని దాటదని చెప్పింది. ముని నియమంగా రాస్తూ వచ్చాడు. ఒక్క ఆకు మిగిలింది.

ఆ రోజుల్లో కోనలో ఈరమ్మ, బయ్యన్న అనే గొర్రెల కాపరి దంపతులు ఉండేవారు. వారికి లేకలేక పుట్టిన కూతురు సిరిగువ్వ. పాలపళ్ళు ఊడకముందే జ్వరం వచ్చి ఆ పిల్ల కన్నుమూసింది. తప్పిపోయిన గొర్రెను వెతుక్కుంటూ ఒకనాడు బయ్యన్న శిఖరం మీదికి పోయాడు. దిగివచ్చాక, గోడ కొయ్యకు వేలాడుతున్న చిన్న మువ్వలు చూసి అడిగాడు.

"ఈ మువ్వలు ఎవరివే?"

అతనికి మంచు సోకిందని ఈరమ్మకు తెలిసిపోయింది. పక్కన కూర్చోబెట్టుకుని బిడ్డ సంగతంతా చెప్పింది. బయ్యన్న జాలిగా విన్నాడు. పక్కింటివారి బిడ్డ గురించి విన్నట్టు విన్నాడు.

ఆమె తిన్నగా ముని దగ్గరికి వెళ్ళింది. "సామీ, ఆ పుస్తకంలో నా బిడ్డ పేరు ఒక్కటి రాయండి. ఇంకేమీ అడగను" అంది.

ముని నొచ్చుకున్నాడు. "అమ్మా, ఇవి దేవత పలుకులు. ఇందులో మనుషుల పేర్లు రాయరాదు. పైగా మిగిలింది ఒక్క ఆకే. అది చివరి శ్లోకానికి కావాలి."

"రేపు నాకూ మంచు సోకితే, అట్లాంటి పిల్ల ఒకతె పుట్టిందని చెప్పేవాళ్ళే ఉండరు సామీ" అని, ఆమె మరి వాదించకుండా పర్ణశాల వాకిట్లో కూర్చుండిపోయింది.

మరునాడు తెల్లవారింది. శ్లోకం వినిపించలేదు. శిఖరం మీద మంచు కదలడం మొదలైంది. ఘంటం చేతబట్టుకుని ఎదురుచూస్తూ అలసిపోయిన మునికి కునుకు పట్టింది. కలలో పలుకులతల్లి ఒక పసిపిల్లను చంకనెత్తుకుని నిలబడింది.

"నాయనా, చివరి శ్లోకం నీ వాకిట్లో కూర్చుని ఉంది. అడిగి రాసుకో" అంది.

ముని ఉలిక్కిపడి లేచి బయటికి వచ్చాడు. ఈరమ్మ ఎదుట నేల మీదే కూర్చుని, "తల్లీ, నీ బిడ్డ ఎట్లా ఉండేదో చెప్పు" అన్నాడు.

ఆమె చెప్పింది. సిరిగువ్వ గొర్రెలు ఈనే కాలంలో పుట్టింది. 'గొర్రె' అనడం రాక 'గొయ్యె' అనేది. ఉరిమితే తండ్రి చెవి పట్టుకుని పడుకునేది. అన్నంలో మొదటి ముద్ద కుక్కకు పెట్టందే తినేది కాదు. ముని వాటిని శ్లోకంగా మార్చలేదు. తల్లి మాటలను తల్లి మాటలుగానే రాసి, చివర పిల్ల పేరు రాశాడు. రాస్తుండగా ఆకు తడవకుండా రెండుమార్లు కళ్ళు తుడుచుకున్నాడని చెబుతారు.

అప్పటికే మంచు కనుమను కమ్ముకుంటోంది. గ్రంథాన్ని ఉంచడానికి పీఠం లేదు. ఈరమ్మ పరుగున పోయి సిరిగువ్వ కొయ్య ఊయల తెచ్చి కనుమ నడుమ పెట్టింది. ముని అందులో గ్రంథాన్ని పడుకోబెట్టాడు. మంచు ఊయల దాకా వచ్చి ఆగింది. కాసేపటికి సన్నని తుంపరగా రాలిపోయింది. మళ్ళీ ఈ కోనకు దిగలేదు. నాటి నుండి ఇది పేరునిలిచిన కోన అయింది.

బయ్యన్నకు పోయిన జ్ఞాపకం తిరిగి రాలేదు. అయినా అతడు రోజూ కనుమకు వచ్చి చివరి ఆకు చదివించుకునేవాడు. "ఇంకొక్కమారు చదవండి సామీ" అని బతిమాలేవాడు. అట్లా వింటూ వింటూ తన కూతురిని మొదటినుండి తెలుసుకున్నాడు. ఒకనాడు ఇంటికి పోయి, "మన పిల్ల గడుసుదే" అన్నాడట. ఈరమ్మ అతని భుజం మీద తల వాల్చి తనివితీరా ఏడ్చింది. కొయ్య ఊయల పాతబడ్డాక, నేడు మనం చూసే రాతి ఊయలను బయ్యన్నే చెక్కాడు.

ఇప్పటికీ చలికాలం చివరి పున్నమినాడు ఉదయం అర్చకులు చివరి ఆకును బిగ్గరగా చదువుతారు. పిదప భక్తులు పక్కనున్న అపరిచితునికి, తాము పోగొట్టుకున్నవారి పేరు, వారి ముచ్చట ఒకటి చెబుతారు. విన్నవారు ఆ పేరును ఒకసారి పలకాలి. ఇట్లా చేసినవారికి దుఃఖభారం తగ్గుతుందని, ఇంట్లో పసిపిల్లలు చల్లగా ఉంటారని నమ్మకం. చెప్పుకోవడానికి ఎవరూ లేనివారు వినడానికైనా రావలసిందిగా ఆలయం వారి మనవి.