వసుమతి అన్న మాట

ఇలా దగ్గరికి జరుగు బుజ్జీ. దుప్పటి కాళ్ళ మీదికి లాక్కో. ఇవాళ చెప్పేది నవ్వొచ్చే కథ కాదు. వింటావా మరి? అయితే ఊఁ కొట్టు.

అనగనగా గోదారి లంకలో ఒక ఊరు. ఆ ఊళ్ళో వసుమతి అని ఒక పిల్ల. దానికి మూడేళ్ళప్పుడు కన్నతల్లి జ్వరమొచ్చి పోయింది. అప్పుడు వాళ్ళ నాన్న రంగధామయ్య, మాణిక్యమ్మ అనే ఆవిణ్ణి పెళ్ళి చేసుకుని ఇంటికి తెచ్చాడు.

సవతి తల్లి అనగానే మూతి ముడిచావు, చూశాను. ఈవిడ అలాంటిది కాదమ్మా. వసుమతికి తల దువ్వింది ఈవిడే. ఆటలమ్మ పోసినప్పుడు పదిరోజులు వేపమండతో విసురుతూ పక్కన కూర్చున్నదీ ఈవిడే. పిల్ల ఆవిణ్ణి పిన్నీ అని పిలిచేది. ఆవిడ కడుపున ఎవరూ పుట్టలేదు.

మాణిక్యమ్మకి ఒంటి మీద బొల్లి మచ్చలుండేవి. చేతుల మీద, నుదుటి పక్కన, పెదవి చివర, పాలు ఒలికినట్టు తెల్లగా. అవి నొప్పి పెట్టవు, ఒకరి నుంచి ఒకరికి అంటుకోవు. చిన్నప్పుడు వసుమతి వాటి మీద వేలు పెట్టి, ఇది చేప, ఇది పడవ అని ఆడుకునేది.

ఆ తర్వాత పిల్ల పెద్దదయ్యింది. సంబంధాలు చూడ్డం మొదలుపెట్టారు. మొదట ఒక ఇంటివాళ్ళు వచ్చారు. మాణిక్యమ్మ కాఫీ తెచ్చి ఇస్తే ఆ చేతులకేసి చూశారు. గ్లాసులు ముట్టుకోలేదు. పనుందని లేచి వెళ్ళిపోయారు. మళ్ళీ కబురే లేదు.

ఆ రోజు వసుమతి దొడ్లో కూర్చుని ఏడ్చింది. పిన్నికి అవమానం జరిగిందని కాదు బుజ్జీ. తన సంబంధం పోయిందని.

అప్పుడు గోదారి అవతల పట్నం నుంచి ఇంకో సంబంధం వచ్చింది. అబ్బాయి పేరు భాస్కరం, బళ్ళో పంతులు. తండ్రి లేడు. తల్లి సీతారత్నమే అన్నీ చూసుకునేది. తల్లి లేని పిల్లట అని ఎవరో చెబితే, అయితే నేనే తల్లినవుతానులే అనుకుంటూ రేవు దాటి వచ్చింది.

అబ్బాయి వసుమతికి చూడగానే నచ్చాడు. నచ్చడంతోపాటే భయం కూడా పట్టుకుంది. వీళ్ళు కూడా లేచి వెళ్ళిపోతే?

అంతలో మాణిక్యమ్మ పళ్ళెంలో కాఫీ గ్లాసులు పెట్టుకుని వచ్చింది. సీతారత్నం ఆవిడ మొహంలోకి చూసి, "ఈవిడెవరమ్మా?" అని అడిగింది.

రంగధామయ్య చెప్పబోయాడు. ఆయనకంటే ముందే వసుమతి అనేసింది.

"మా ఇంట్లో పని చేసే ఆవిడండి."

రంగధామయ్య తెరిచిన నోరు మూసేశాడు. మాణిక్యమ్మ చేతిలో పళ్ళెం కాస్త కూడా కదల్లేదు. "అవునమ్మా. వేడిగా ఉన్నప్పుడే తాగండి" అంది.

సీతారత్నం గ్లాసు అందుకుని చుక్క మిగల్చకుండా తాగింది. కాఫీ చాలా బాగుందని కూడా చెప్పింది. వసుమతి అది చూసింది. చూసి కూడా తన మాట వెనక్కి తీసుకోలేదు.

వాళ్ళు వెళ్ళాక వంటింటి గుమ్మం దాకా వచ్చి, "పిన్నీ, ఈ ఒక్కసారికీ..." అంది. మాణిక్యమ్మ అటు తిరిగి గ్లాసులు కడుగుతోంది. "సంబంధం కుదిరితే చాలు. నాదేముందిలే" అంది. ఇటు తిరగలేదు.

సంబంధం కుదిరింది. ఒక్క మాటే కదా అనుకుంది వసుమతి. కానీ ఆ ఒక్క మాటనీ నిలబెట్టడానికి ఇంకో మూడు పనులు చెయ్యాల్సి వచ్చింది.

మొదటిది పెళ్ళి ఎక్కడ చెయ్యాలన్నది. పెళ్ళి ఆడపిల్ల వాకిట్లో చెయ్యడం వాళ్ళ ఆనవాయితీ. కానీ ఊళ్ళో అందరికీ మాణిక్యమ్మ ఎవరో తెలుసు. అందుకని వసుమతి, "నాన్నా, పట్నంలోనే సత్రం మాట్లాడదాం. వాళ్ళకి రేవు దాటే శ్రమ ఉండదు" అంది. పైకి మంచి ఆలోచనలాగే ఉంది. పిల్లకి ఎంత ముందుచూపో అని సీతారత్నం మురిసిపోయింది. ఇక్కడేమో మాణిక్యమ్మ పందిరి కోసమని రెండు నెలల నుంచి మట్టి మోసి వాకిలి చదును చేస్తోంది. సత్రం మాట విన్నాక తట్ట బోర్లించి గోడవార పెట్టేసింది.

ఆ తర్వాత శుభలేఖలు వచ్చాయి. తండ్రి పేరుంది, పోయిన తల్లి పేరుంది. మాణిక్యమ్మ పేరు లేదు. శుభలేఖకి నాలుగు మూలలా పసుపు అద్దాలి కదా, ఆ పని ఆవిడే పెట్టుకుంది. కూడబలుక్కుని చదవడం ఆవిడకి వచ్చు. మొదటి శుభలేఖ తీసి, వేలు పెట్టి, చివరి దాకా చదివింది. చదివి పక్కన పెట్టింది. ఆ తర్వాత మిగతావన్నీ ఒక్కొక్కటే తీసి, నాలుగేసి మూలలకీ పసుపు అద్దింది. ఒక్కటి కూడా వదల్లేదు.

మూడోది పీటల మీద ఎవరు కూర్చోవాలన్నది. కన్యాదానం చెయ్యడానికి దంపతులు కావాలి కదా. వసుమతి మేనమామని పిలిపించి, "మావయ్యా, నువ్వూ అత్తయ్యా కూర్చోండి" అని అడిగింది. ఆయన చాలాసేపు గడ్డం గోక్కున్నాడు.

"మీ పిన్ని ఉండగా మేమేంటే?"

"ఆవిడే కూర్చోనంది" అంది వసుమతి. అదీ అబద్ధమే. ఆవిణ్ణి ఎవరూ అడగనే లేదు.

ఊఁ కొట్టడం మానేశావేం బుజ్జీ? నిద్రొస్తోందా? కోపమొస్తోందా? సరే, విను.

పెళ్ళి వారం రోజులుందనగా సీతారత్నం పెళ్ళికూతురి బట్టలు పట్టుకుని వచ్చింది. మాణిక్యమ్మ బొబ్బట్లు చేసి పెట్టింది. అవి తిన్నాక సీతారత్నం సంచిలోంచి ఒక చీర తీసి ఆవిడ చేతిలో పెట్టింది.

"నా చీరేనమ్మా. రెండుసార్లు కట్టానంతే. ఏమీ అనుకోకు. పెళ్ళిపనంతా నీ నెత్తి మీదే ఉన్నట్టుంది, పెళ్ళినాడు కట్టుకో" అంది. పాపం, మంచిగానే ఇచ్చింది.

మాణిక్యమ్మ ఆ చీరని రెండు చేతులతో అందుకుని కళ్ళకద్దుకుంది.

వసుమతి తలుపు వెనకాల నుంచి చూసింది. చెవులు వేడెక్కిపోయాయి. ఇప్పుడైనా చెప్పేద్దామని ఒక అడుగు ముందుకు వేసింది. మళ్ళీ, ఇంకెంత, వారమే కదా అనుకుని వెనక్కి తగ్గింది.

ఆ తర్వాత ఆడపెళ్ళివారు లాంచీ ఎక్కి పట్నం చేరారు. కూడా వచ్చిన పదిమంది చుట్టాలకీ రంగధామయ్య ముందే విషయం చెప్పుకున్నాడు. వాళ్ళు సరేనని తలలూపారు. కానీ ఒక్కరు కూడా ఆయన మొహంలోకి చూడలేదు.

పెళ్ళి రేపనగా సీతారత్నం సత్రానికి వచ్చింది. ముత్తైదువలందరికీ కాళ్ళకి పసుపు రాసి, బొట్టు పెడుతోంది. వసుమతి కాళ్ళకి ఒక అమ్మాయి పారాణి దిద్దుతోంది. మాణిక్యమ్మ ఆ ఇచ్చిన చీర కట్టుకుని, దూరంగా కూర్చుని తమలపాకులు తుడుస్తోంది.

"నువ్వూ రావమ్మా. నువ్వు మాత్రం ముత్తైదువవి కావూ?" అని సీతారత్నమే ఆవిడ దగ్గరికి వెళ్ళి కూర్చుంది. ఆ పాదాలు తన ఒళ్ళో పెట్టుకుని పసుపు రాసింది. నుదుటి మీద మచ్చ పక్కనే చక్కగా బొట్టు పెట్టింది. ఆవిడ చెయ్యి వెనకాడలేదు. వసుమతి ఇన్నాళ్ళూ దేనికి భయపడిందో అది అక్కడ లేనే లేదు.

బొట్టు పెట్టి, మాటవరసకి అడిగింది సీతారత్నం.

"నీకు పిల్లలెంతమందమ్మా?"

మాణిక్యమ్మ వసుమతి వైపు చూడలేదు. చేతిలో తమలపాకు వైపు చూసింది.

"పిల్లలు లేరమ్మా" అంది.

వసుమతి గబుక్కున లేచింది. పారాణి తడి ఆరనే లేదు. గచ్చు మీద ఎర్రటి అడుగులు పడుతుండగా నడిచి వచ్చి మాణిక్యమ్మ ముందు కూలబడింది.

"ఆవిడ పనావిడ కాదండి" అంది. "మా అమ్మ. నన్ను పెంచిన అమ్మ. ఆ మచ్చలు చూసి మీరు వెళ్ళిపోతారని నేనే అబద్ధం ఆడాను. శుభలేఖ మీద పేరు వేయించలేదు. పీటల మీద కూర్చోనివ్వలేదు. అంతా నేనే చేశాను."

సీతారత్నం ముందు ఆ చీర వైపు చూసింది. ఆవిడ మొహం ఎర్రబడిపోయింది.

"ఇంటి ఇల్లాలికి నేను కట్టి విడిచిన చీర ఇచ్చానే! నా చేత ఎంత పని చేయించావే పిల్లా!" అంది.

తల్లిని తీసుకెళ్ళడానికి వచ్చిన భాస్కరం అప్పటికే గుమ్మంలో నిలబడి ఉన్నాడు. అంతా విన్నాడు. అరవలేదు. నెమ్మదిగా ఒకటే అడిగాడు.

"రేపు నాకు ఏ కాలో చెయ్యో పోయి, నలుగురూ నావంక అదోలా చూశారనుకో. అప్పుడు నేనెవరినని చెబుతావు?"

వసుమతి తల వంచుకుని నేల వైపు చూస్తూ ఉండిపోయింది.

అప్పుడు సీతారత్నం లేచి నిలబడింది. "పెళ్ళి జరగాలో ఆగిపోవాలో నేను చెప్పను. మా అబ్బాయీ చెప్పడు. చెప్పాల్సింది ఈవిడే" అంది.

అందరూ మాణిక్యమ్మ వైపు తిరిగారు. ఆవిడ తమలపాకులన్నీ సర్ది, తడిగుడ్డ మడతపెట్టింది.

"జరగనివ్వండి. ఆగిపోతే ఇది బతుకంతా ఇక్కడే కూర్చుని ఏడుస్తుంది."

"మరి రేపు పీటల మీద మీరే కూర్చోవాలి వదినగారూ" అంది సీతారత్నం.

"కూర్చోను" అంది మాణిక్యమ్మ. "అది చిన్నపిల్ల. భయపడింది. ఆయనకేమయ్యిందమ్మా? పదహారేళ్ళు కాపురం చేశాడు. ఆయన నోరు ఏమయ్యింది?"

రంగధామయ్య స్తంభం పక్కన నిలబడి ఉన్నాడు. కండువాతో మొహం తుడుచుకున్నాడు. నడిచి వచ్చి అందరి ముందూ భార్య పక్కన నిలబడ్డాడు.

"ఈవిడ నా భార్య. పేరు మాణిక్యమ్మ. ఆ రోజే చెప్పాల్సింది. చెప్పలేకపోయాను. నాకు మొహం చెల్లట్లేదు" అన్నాడు. తర్వాత ఆవిడ వైపు తిరిగి, "రా మాణిక్యం, రేపు మనం కూర్చుందాం" అన్నాడు.

మర్నాడు పొద్దున్నే మాణిక్యమ్మ తన పెట్టె అడుగు నుంచి ఒక పట్టుచీర తీసి కట్టుకుంది. తన పెళ్ళినాటిది. కూర్చోనివ్వరని తెలిసి కూడా దాన్ని ఎందుకు తెచ్చుకుందో ఎవరూ అడగలేదు. అడిగే ధైర్యం ఎవరికీ లేదు.

పీటల మీద కూర్చుని కన్యాదానం చేసింది. ధారపోస్తుంటే ఆ నీళ్ళు ఆవిడ చేతుల మీది తెల్లమచ్చల పక్క నుంచి వసుమతి అరచేతుల్లోకి జారాయి. వసుమతి తల ఎత్తలేదు.

ఏమిటీ? ఆవిడకి కోపం పోయిందా అనా? వసుమతి కూడా అదే అడిగింది. అప్పగింతలప్పుడు ఆవిణ్ణి కావలించుకుని, "అమ్మా, నా మీద కోపం పోయిందా?" అంది.

"కోపం లేదే. కానీ ఆ మాట గుర్తొస్తే ఇక్కడ కలుక్కుమంటుంది. లేదని నీకు అబద్ధం చెప్పలేను" అంది మాణిక్యమ్మ. అని, కూతురి కళ్ళు తుడిచి పంపించింది.

ఆ తర్వాత వసుమతి అత్తారింటికి వెళ్ళింది. కొత్తకోడల్ని చూడ్డానికి ఇరుగుపొరుగు ఆడవాళ్ళు వచ్చారు. వచ్చిన ప్రతివాళ్ళూ, "పిల్లకి ఎంత సిగ్గో! తలే ఎత్తదు" అని ముచ్చటపడ్డారు. సిగ్గే మరి. కానీ అది వాళ్ళనుకున్న సిగ్గు కాదు. భాస్కరానికి తెలుసు, సీతారత్నానికి తెలుసు. వాళ్ళు పైకి ఏమీ అనలేదు. వసుమతి అలా వంచిన తల వంచుకునే పనులు చేసుకుంది, అన్నం తింది, పడుకుంది.

మూడోనాడు మాణిక్యమ్మ సారె పట్టుకుని లాంచీ దిగి వచ్చింది. హాలు నిండా జనం. తిన్నగా కూతురి దగ్గరికి వచ్చి, గడ్డం కింద చెయ్యి పెట్టి, మొహం పైకి ఎత్తింది.

"ఇంక చాల్లే. పొద్దుటి నుంచి ఏమీ తినలేదు. ఆకలేస్తోంది, అన్నం పెట్టవే" అంది.

వసుమతి లేచింది. హాలు మధ్యలో, అందరి ఎదురుగా, పీట వాల్చి ఆకు వేసింది. వాళ్ళమ్మని కూర్చోబెట్టి, కొసరి కొసరి వడ్డించింది. ఆవిడ తింటున్నంతసేపూ ఆవిడ మొహంలోకే చూస్తూ పక్కనే కూర్చుంది.

అదీ కథ. ఇంక కళ్ళు మూసుకో.

కథ రేవు దాటి కంచికి పోయె,
పాప ఊఁ కొట్టి మంచానికి పోయె.
కంచిలో కథకి కాళ్ళు నొచ్చాయి,
ఇంటిలో పాపకి కళ్ళు వాలాయి.