పావువంతు రొట్టె

యోతాముకి ఆ పెట్టె దక్కలేదు. అదీ అతని బాధ.

యెరూషలేములో యూదుల గురువు రబ్బీ అజ్రీయేలు దగ్గర పాత తోలు గ్రంథాలు చదవడం నేర్చుకునేవాళ్ళలో అందరికంటే ముందు చేరింది అతనే. ఇక్కడి సంగతి కొంచెం చెప్పాలి. రెండువేల ఏళ్ళ కిందట, ఊళ్ళో జనం దారి తప్పారని విసిగిపోయిన కొందరు యూదులు ఎడారికి వెళ్ళి, సంఘంగా ఏర్పడి, తమ కట్టుబాట్లు తామే రాసుకుని బతికారు. ఆ చట్టాలు రాసిన తోలు చుట్టలు గుహల్లో ముక్కలు ముక్కలుగా దొరికాయి. ఏ ముక్క పక్కన ఏది వస్తుందో తేల్చడమే రబ్బీ గదిలో పని. గోరంత ముక్క ఒక్కోసారి నెలలు తినేస్తుంది. ఓపిక లేనివాళ్ళు ఆ గదిలో నిలవరు.

అలాంటిది, కొత్తగా వచ్చిన ముక్కల పెట్టెని రబ్బీ తీసుకెళ్ళి తిర్సా చేతిలో పెట్టాడు. నిన్నగాక మొన్న వచ్చిన పిల్ల! "నీ చేయి తేలికమ్మా, నువ్వు చూడు" అన్నాడు, అంతే. యోతాము పైకి నవ్వాడు గానీ లోపల భగ్గుమంది. మరి మండదా? అన్నేళ్ళు ఒళ్ళు వంచి చాకిరీ చేశాడాయె.

తిర్సా ఆ పెట్టెతో కుస్తీ పట్టి, ఒకరోజు గదంతా వినబడేలా కేకేసింది.

ఆ సంఘంవాళ్ళ చట్టంలో ఒక శిక్ష ఉండేది. తప్పు చేసినవాడి రొట్టెలో పావువంతు తగ్గించాలి. మరి ఆ తీసేసిన పావు ఏం చేయాలి? సరిగ్గా అక్కడే తోలు చిరిగిపోయింది. దాని మీద పండితులు కొట్టుకోవడమే గానీ తేల్చినవాడు లేడు. తిర్సా తన పెట్టెలోంచి ఒక చిన్న ముక్క తీసి ఆ చిరుగు పక్కన పెట్టింది. అంచుకి అంచు కుదిరింది. దాని మీద "నిప్పులో వేయాలి" అని ఉంది.

"కాల్చేసేవాళ్ళన్నమాట!" అంది తిర్సా, కళ్ళు మెరుస్తుంటే.

ఇక అందరూ ఆమె చుట్టూ మూగారు. దేశదేశాల పెద్దలు వచ్చే సభలో ఆమె చేత చదివించాలన్నారు. ఆ సభలో నెగ్గితే తిర్సాకి ఆ గదిలో స్థిరమైన చోటు ఖాయం. అభాసుపాలైతే బట్టలు సర్దుకుని ఇంటికి పోవడమే.

ఆ సాయంత్రం అందరూ వెళ్ళాక యోతాము గాజు పలక మీద భూతద్దం పెట్టి ఆ అతుకుని చూశాడు. చాలాసేపు చూశాడు. పాత ముక్క మేక తోలు, వెంట్రుకల కుదుళ్ళు వరసల్లో ఉన్నాయి. కొత్త ముక్క మీద కుదుళ్ళు చెదురుమదురుగా ఉన్నాయి. అది గొర్రె తోలు. రెండూ ఒకే చుట్టలోవి కానే కావు. అంచులు కుదరడం ఉత్త యాదృచ్ఛికం.

అతను పలక మీద గుడ్డ కప్పాడు. ఎవరికీ చెప్పలేదు. ఇప్పుడు చెబితే ఏముంది, తిర్సా సరిదిద్దుకుంటుంది, మంచి పేరూ ఆమెకే వస్తుంది. సభలో, అందరి ముందూ, ఆమె చదవడం అయిపోయాక లేచి చెబితే? ఆ ఊహ ఎంత తియ్యగా ఉందంటే, నవ్వు ఆపుకోలేకపోయాడు. నవ్వుకుంటూనే ఇంటికి వెళ్ళాడు.

మర్నాటి నుంచి రబ్బీ తిండి తగ్గించాడు.

మధ్యాహ్నం వెనక వసారాలో అందరూ కలిసే తినేవాళ్ళు. రబ్బీ రొట్టె పట్టుకుని దేవుణ్ణి స్తుతించేవాడు, విరిచేవాడు, శనగల ముద్దలో అద్దుకుని తృప్తిగా తినేవాడు. పెద్దాయనకి రొట్టె అంటే మహా ప్రాణం. అలాంటివాడు ఇప్పుడు కత్తి తీసుకుని రొట్టెలో పావువంతు జాగ్రత్తగా కోసి, కంచం అంచున పెట్టి, మిగతాది మాత్రం తినసాగాడు. ఆ ముక్క వంక చూసి చూసి లేచిపోయేవాడు. వైద్యుడు చెప్పి ఉంటాడు, షుగరు కాబోలు అనుకున్నారు అందరూ.

సభ రేపనగా, వసారాలో రబ్బీ, యోతాము ఇద్దరే మిగిలారు. రబ్బీ మళ్ళీ పావువంతు కోసి పక్కన పెట్టాడు.

యోతాము ఉండబట్టలేక అడిగేశాడు. "ఒంట్లో బాగాలేదా రబ్బీ?"

"దుక్కలా ఉన్నాను నాయనా. ఇది శిక్ష."

"శిక్షా? మీకా? ఎవరు వేశారు?"

"ఎవరు వేస్తారు, నేనే వేసుకున్నా. నువ్వు ఇక్కడికి వచ్చిన కొత్తలో ఒక చట్టం చదివి పెట్టావే, గుర్తుందా? తోటివాడి తప్పు కంటబడితే ఆ రోజే అతనికి చెప్పాలి. చెప్పకుండా మర్నాటికి మోసుకుపోతే..."

"ఆ తప్పు మోసినవాడిదే అవుతుంది," అన్నాడు యోతాము. ఆ ముక్క అతనికి కంఠతా వచ్చు. దాని మీద పెద్ద వ్యాసమే రాసి మెప్పు పొందాడు.

"అదే. నేను మోసుకుపోయాను."

"ఎవరి తప్పు రబ్బీ?"

రబ్బీ కత్తిని గుడ్డతో తుడిచాడు. "ఒక సాయంత్రం నా కళ్ళజోడు మర్చిపోయి వెనక్కి వచ్చా. మనవాడొకడు పలక మీద భూతద్దం పెట్టి చూస్తున్నాడు. ఏం చూశాడో నాకు తెలీదు, నా కళ్ళు అంత దూరం ఆనవు. గుడ్డ కప్పేసి నవ్వుకున్నాడు. ఆ నవ్వు మాత్రం కనబడింది. పిలిచి అడగాల్సింది. బంగారం లాంటి పిల్లాడు, నొచ్చుకుంటాడేమో, రేపు చూద్దాంలే అనుకున్నా. రేపు, రేపు అంటూ ఇదిగో ఇంతదాకా వచ్చింది."

యోతాము నోట్లో ముద్ద నోట్లోనే ఉండిపోయింది. చెవులు ఎర్రబడ్డాయి. రబ్బీ అతని వంక చూడనైనా చూడకుండా లేచి, చేతులు కడుక్కోవడానికి వెళ్ళాడు.

యోతాము తిన్నగా గదిలోకి వెళ్ళాడు. తిర్సా రేపటి ప్రసంగం పెదవులతో వల్లె వేసుకుంటోంది.

"తిర్సా, ఆ అతుకు తప్పు."

"ఏమన్నావ్?"

"కొత్త ముక్క గొర్రె తోలు. కుదుళ్ళు చూడు."

ఆమె భూతద్దం లాక్కుని చూసింది. ముఖంలో నెత్తురు చుక్క లేకుండా పోయింది. "ఇది నువ్వెప్పుడు చూశావు?"

ఇప్పుడే అనేస్తే సరిపోయేది. ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది కూడా.

"నువ్వు అతికిన రోజే," అన్నాడు యోతాము. "రేపు సభలో లేచి చెబుదామని దాచుకున్నా."

తిర్సా లేచిన విసురుకి కుర్చీ పడిపోయింది. "ఛీ! నువ్వూ ఒక మనిషివేనా!" అని బయటికి వెళ్ళిపోయింది. యోతాము కుర్చీ నిలబెట్టి, అక్కడే నించున్నాడు. కాసేపటికి ఆమె ముఖం కడుక్కుని తిరిగొచ్చింది.

"అలా గుడ్లప్పగించి చూస్తావేం? ఆ దీపం ఇటు తిప్పు. ఈ గొర్రె ముక్క మరి దేనిదో చూడొద్దూ?"

సభలో తిర్సా ప్రసంగం రెండు మాటల్లో ముగించింది. "నేను వేసిన అతుకు తప్పు. చిరిగిన చోటు చిరిగినట్టే ఉంది. తప్పు చూపించింది యోతాము." ఎప్పుడు చూపించాడో, ఎందుకు ఆలస్యమైందో చెప్పలేదు. వెనక వరసలో కూర్చున్న యోతాము తల దించుకున్నాడు. పెద్దల్లో ఒకాయన, తన అతుకుని తనే విప్పిన మనిషిని ఇన్నాళ్ళకి చూశానన్నాడు. ఆ గొర్రె తోలు ముక్క ఏ చుట్టదో ఈ అమ్మాయే ఇక్కడ ఉండి వెతకాలని అందరూ తీర్మానించారు.

మధ్యాహ్నం వసారాలో రబ్బీ స్తుతి చెప్పి, రొట్టె మొత్తం తిన్నాడు. ఆవురావురుమంటూ తిన్నాడు. ఆయన గడ్డానికి శనగల ముద్ద అంటుకుంటే యోతాముకి ఏడుపొచ్చినంత పని అయింది. ఈయన ఇన్నాళ్ళూ అర్ధాకలితో లేవకపోయి ఉంటే ఇవాళ తనేం చేసి ఉండేవాడో తలుచుకుంటే ఒళ్ళు జలదరించింది. ఆ పెద్దాయన కాళ్ళ మీద పడాలనిపించింది. కత్తి తీసుకుని, తన రొట్టెలో పావువంతు కోసి కంచం అంచున పెట్టాడు.

తిర్సా ఆ ముక్క వంక చూసింది, అతని వంక చూసింది. చేయి చాపి దాన్ని తీసుకుంది. నూనెలో అద్ది నోట్లో వేసుకుంది.

"అది నా శిక్ష..." అనబోయాడు యోతాము.

"తినకూడదా రబ్బీ?" అంది తిర్సా నములుతూనే. "తీసేసిన పావు ఏం చేయాలని ఉంది చట్టంలో?"

"అక్కడ చిరిగిపోయింది కదమ్మా," అన్నాడు రబ్బీ. "మన అదృష్టం."