పంతొమ్మిదూళ్ళ చెలమమ్మ

ఎర్రవంక గ్రామానికి ఉత్తరాన, కిలోమీటరున్నర దూరంలో, ఎండిన వంక నడుమ శ్రీ చెలమమ్మ తల్లి వెలసి ఉన్నది. బస్సు దిగిన భక్తులు టీకొట్టు దగ్గర దారి అడగవచ్చు. ముగ్గురు మూడు దారులు చూపి, మిగతా ఇద్దరికీ ఏమీ తెలియదని చెబుతారు. మూడు దారులూ గుడికే వెళతాయి.

అమ్మవారికి గోపురం లేదు. కట్టాలని ఇప్పటికి నాలుగుసార్లు తీర్మానించారు గాని, వాకిలి ఏ ఊరివైపు ఉండాలో తేలలేదు. నడుమెత్తు గుండ్రని రాయే అమ్మవారు. ఆ రాయికి ముఖం లేదు కనుక ఏ ఊరికీ వీపు చూపించదు. కిరీటం స్థానంలో వెదురు గంప బోర్లించి ఉంటుంది. చుట్టూ వలయంగా పంతొమ్మిది రాళ్ళున్నాయి. ఒక్కటీ మరొకదానిలా ఉండదు. పక్కనే చెలమ. వంక ఎండిపోయాక ఇసుకలో తవ్విన గుంటలో ఊరే నీటిని ఈ ప్రాంతంలో చెలమ అంటారు. నడివేసవిలో కూడా ఇది ఎండదు.

పూర్వం ఇక్కడ రాజు లేడు. ఉన్నాడని కొందరు వాదిస్తారు. ఉంటే మాత్రం ఈ దారిన ఎన్నడూ రాలేదు. వంక పొడుగునా ఉన్న పంతొమ్మిది ఊళ్ళు తమ పాలన తామే చూసుకునేవి. ఏ సంగతి వచ్చినా జనమంతా చేరి చేతులెత్తేవారు. ఎక్కువ చేతులు ఎటు లేస్తే అదే ధర్మం. తమంత న్యాయంగా బతికేవారు భూమ్మీద లేరని ప్రతి ఊరికీ ఒక నమ్మకం. ఎర్రవంకకు ఆ నమ్మకం కాస్త ఎక్కువ.

ఆ రోజుల్లో ఎర్రవంకలో అరవై ఏడు గడపలు. అరవై పెద్దింటి వంశం వారివి, ఏడు వెదురు గంపలల్లే మేదరులవి. పెద్దింటివారు చెడ్డవారేమీ కారు. పండక్కి మేదరుల ఇళ్ళకు అరిసెలు పంపేవారు. పంపినట్టు మళ్ళీ పండగ దాకా చెప్పుకునేవారు.

ఒక ఏడాది వానలు ముఖం చాటేశాయి. చెలమలో నీళ్ళు అడుగంటాయి. పెద్దింటివారి పెద్ద కోనప్ప. ఆయన గేదెలు ఊళ్ళో అందరి గేదెలకన్నా ఎక్కువ, గొంతు ఆ గేదెలకన్నా ఎక్కువ. ఆయన ఊరిని పిలిచి, మేదరులు వెదురు నానబెట్టడానికి నీళ్ళు పాడుచేస్తున్నారని, వచ్చే పున్నమి నుంచి వారు చెలమ తాకరాదని ప్రతిపాదించాడు. చేతులెత్తమన్నారు. అరవై గడపల చేతులు లేచాయి.

మేదరులలో పెంచలమ్మ అనే ఆమె లేచి నిలబడింది. ఆమె కోడలికి నెలలు నిండుతున్నాయి.

"కోనప్పన్నా, మరి మేమేం తాగాలి?"

"అది వేరే సంగతి పెంచలమ్మా. ఇవాళ్టి సంగతి చెలమ గురించి. చేతులు లెక్కపెట్టుకో, అన్యాయం ఉంటే చెప్పు."

"లెక్క సరిగ్గానే ఉంది. అరవై ఇళ్ళు, ఒకటే దాహం. ఇక లెక్కపెట్టడం ఎందుకు?"

నీళ్ళున్న మరో చోటు రెండామడల దూరం. నిండు చూలాలిని పెట్టుకుని రోజూ అంత దూరం నడవలేరు. పున్నమిలోగా ఏడు గడపలూ ఊరు విడిచిపోవాలన్నమాట. ఆ మాట ఎవరూ పైకి అనలేదు. ఎర్రవంకవారికి మర్యాద తెలుసు.

మరునాడు మధ్యాహ్నం పెంచలమ్మ చెలమ ఒడ్డున ఏడ్చి ఏడ్చి, ఎండకు గంప మొహాన బోర్లించుకుని ఇసుకలోనే నిద్రపోయింది. స్వప్నంలో తడిచీర కట్టిన ఒక ముత్తయిదువ కనబడింది.

"తల్లీ, వాళ్ళ బుద్ధి మార్చు" అని పెంచలమ్మ వేడుకుంది.

"బుద్ధులు మార్చడం నాకు రాదే. నాకు వచ్చింది నీళ్ళు ఊరడం. నీ బుద్ధి మాత్రం తక్కువదా? మీవే అరవై గడపలైతే ఏం చేసి ఉండేదానివి?"

పెంచలమ్మ ఇసుకలో వేలితో గీతలు గీసింది.

"ఈ వంక మీద ఇంకెన్ని ఊళ్ళున్నాయి?"

"పద్దెనిమిది."

"అందరినీ పిలువు. చెలమ అందరిదీ అని చెప్పు."

"ఒక్క ఊరితోనే చస్తున్నాం తల్లీ! పద్దెనిమిదా?"

"ఒక్క ఊరు కాబట్టే చస్తున్నావు" అని ఆ ముత్తయిదువ అంతర్ధానమైంది.

పెంచలమ్మ లేచి చూసేసరికి తల దగ్గర ఇసుక తొలగి గుండ్రని రాయి పైకి వచ్చి ఉంది. ఆమె గంప ఆ రాతిమీద బోర్లించి ఉంది. ఆ గంపను ఆమె మళ్ళీ తీసుకోలేదు. ఇంట్లో ఉన్న మిగతా గంపలు నెత్తిన పెట్టుకుని అమ్మకానికి బయలుదేరి, ప్రతి ఊళ్ళోనూ పున్నమినాడు చెలమ దగ్గరకు రమ్మని చెప్పింది. తన గంప బాగుందన్న ప్రతి ఊరినీ తన పక్షమని లెక్కేసుకుంది. అలా పన్నెండు ఊళ్ళు తేలాయి.

ఈ కబురు విని కోనప్ప కంగారుపడలేదు. ఆయనా మనుషులను పంపి అవే ఊళ్ళను పిలిచాడు. వియ్యంకులను, తన గేదెలు కొన్నవారిని, తన ఇంట భోంచేసినవారిని కలిపి వేళ్ళమీద లెక్కేస్తే పదకొండు ఊళ్ళు ఆయనవని తేలింది. ఆ విధంగా వంక మీది పద్దెనిమిది ఊళ్ళు ఇరవై మూడయ్యాయి.

పున్నమినాడు పొద్దున్నే అందరూ వచ్చారు. ఒకరి రాయి మీద మరొకరు కూర్చోమన్నందున ఒక్కో ఊరు తన రాయి తానే మోసుకొచ్చింది. వచ్చినవారికి దాహం వేసింది. నీళ్ళు చాలవు కనుక అందరూ దిగి తవ్వారు. మధ్యాహ్నానికి చెలమ నాలుగింతలై మోకాటిలోతు నీరు ఊరింది. ఇది అమ్మవారి మహిమ. పారలు కూడా చాలా ఉన్నాయి. ఎర్రవంకవారు అంతకుముందే ఆ పని ఎందుకు చేయలేదని అడిగితే, ఎవరి వంతో తేలక అని తెలిసింది.

అప్పుడు కోనప్ప, మేదరులు చెలమ తాకరాదన్న మాట మళ్ళీ సభ ముందు పెట్టాడు. ఎర్రవంక చేతులు లేచాయి. ఆయన పక్కనే కూర్చున్న వియ్యంకుడు, దిగువపాలెం తిరుమలప్ప, చేయి ఎత్తలేదు.

"బావగారూ, మీరు నా పక్కనే కూర్చున్నారు కదా!"

"కూర్చున్నది మీ పక్కనే బావగారూ. నీళ్ళు తాగేది మీ దిగువన. ఇవాళ మేదరులు వద్దన్నవారు రేపు దిగువవారు వద్దనరని ఏముంది? మా అమ్మాయిని బాగా చూసుకోండి, ఆ సంగతి వేరు."

గొర్రెల కాపరుల పెద్ద ఓబయ్య కూడా లేచాడు. "వెదురు ముంచితే నీళ్ళు పాడయితే, మా గొర్రెలు మూతి పెడితే ఏమవుతాయి కోనప్పా? మమ్మల్ని గెంటే రోజుకు తిథి పెట్టావా, ఇంకా చూస్తున్నావా?" అన్నాడు. నూలు తడిపే నేతవారికీ, సున్నం కలిపే తాపీవారికీ అదే అనుమానం కలిగింది. మేదరుల మీద వారెవరికీ ప్రత్యేకమైన ప్రేమ లేదు. గంపలు తొందరగా ఊడిపోతాయని ఆ సభలోనే ఇద్దరు అన్నారు. అయినా పదిహేడు ఊళ్ళు చేయి ఎత్తలేదు. పద్దెనిమిదో ఊరివారు ఎత్తారు గాని, వారు అప్పుడే వచ్చారు, సంగతేమిటో తెలియదు.

ఇక్కడితో ఆగితే పెంచలమ్మను మనం పూర్తిగా మంచిదనుకునేవాళ్ళం. ఆమె ఆగలేదు. సభంతా తనదేనన్న ధీమాతో లేచి, పెద్దింటివారి గేదెలను చెలమ దరిదాపులకు రానివ్వరాదని ప్రతిపాదించింది. మేదరుల ఏడు చేతులూ లేచాయి. మరొక్క చేయి లేవలేదు.

"ఓబయ్యా, నువ్వు మా పక్షం కాదా?" అంది నిర్ఘాంతపోయి.

"ఇందాక నీ పక్షమే అక్కా. ఇప్పుడు గేదెల పక్షం" అన్నాడు ఓబయ్య.

సభ ముగిశాక పెంచలమ్మ రాయి ముందు నిలబడి, "ఇదేం తీర్పు తల్లీ? వాళ్ళు గెలవలేదు, సరే. నేనూ గెలవలేదే!" అని నిష్ఠూరమాడింది. వెనక నుంచి కోనప్ప గొంతు వినబడింది. ఆ గొంతు అంత తగ్గి వినబడడం ఊరివారికి అదే మొదలు.

"కడవ ఇటివ్వు పెంచలమ్మా, నింపి ఇస్తాను. ఇంటి దగ్గర కోడలు ఎదురుచూస్తుంటుంది."

ఆమె కడవ ఇచ్చింది. నిండా నింపలేదని ఇంటిదాకా సణిగింది. మరో నాలుగు రోజులకు కోడలు ఎర్రవంకలోనే ఆడపిల్లను ప్రసవించింది.

నాటి నుంచి ఆ పంతొమ్మిదూళ్ళూ ఒకే నాడుగా, అంటే ఒకే సీమగా బతికాయి. ఊరంతా ప్రతిసారీ పనులు మానుకుని రావడం కుదరదు కనుక, ఊరికొకరిని ఎన్నుకుని పంపడం మొదలైంది. వచ్చినవారు ముందు పక్క రాతివారి ఊరి కష్టం చెప్పి, ఆ తరువాతే తమ ఊరి కష్టం చెప్పాలన్న నియమం ఓబయ్య పెట్టాడు. ఇందువల్ల దయ పెరుగుతుందని పెద్దలంటారు. పక్క ఊరి గుట్టు సక్రమంగా, ఆధారాలతో తెలుస్తుందన్నది కూడా నిజమే.

కక్షలు పోయాయా అంటే పోలేదు. పది ఊళ్ళు ముఠా కట్టి మిగతా తొమ్మిదింటిని వెళ్ళగొట్టాలని మూడుసార్లు చూశాయి. ఒకసారి ఆ ముఠాలో నేతవారు, కాపరులు కలిశారు; గొర్రెలు దిగిన నీటిలో నూలు తడపరు కనుక వారం తిరక్కుండా విడిపోయారు. మిగతా రెండుసార్లు, మాట పంతొమ్మిదూళ్ళూ తిరిగి రావడానికి నెల పట్టింది. పనీపాటా ఉన్నవారు నెలరోజులు ఒకే కోపాన్ని మోయలేరు. దారిలో వేరే కోపాలు ఎదురవుతాయి.

మొన్నటి వేసవిలో ఒక మాస్టారు పిల్లలను గుడికి తీసుకొచ్చి, ఇన్ని కులాలు, ఇన్ని భాషలు, ఇన్ని పార్టీలున్న ఇంత పెద్ద దేశం విడిపోకుండా ఎలా నిలుస్తుందో అని బాధపడ్డారు. ఆ ఏటి పూజారిణి, మేదరుల ఇంటి కోడలు నాగరత్తమ్మ, హారతి పళ్ళెం తుడుస్తూ, "చిన్నదైతే భయపడాలి గాని, పెద్దదైతే భయమెందుకు సార్? మా ఎర్రవంక ఒక్కటే ఉన్నప్పుడు చూడాల్సింది" అన్నది. మాస్టారు పుస్తకం తీసి రాసుకున్నారు. పక్కనే ఉన్న పెద్దింటివారు నొచ్చుకున్నారు, తరువాత ప్రసాదం రెండుసార్లు తీసుకున్నారు.

నేటికీ ఏటా వైశాఖ పున్నమికి పంతొమ్మిది రాళ్ళూ నిండుతాయి. పూజారి పదవి ఏటికొక ఊరికి మారుతుంది. దర్శనానికి వచ్చిన ప్రతివారూ, ఎంతటివారైనా సరే, ఒక గంపెడు ఇసుక చెలమ నుంచి తోడి పోసిన తరువాతే తీర్థం తీసుకోవాలి. గంపలు గుడి దగ్గరే దొరుకుతాయి. మేదరులవి ఇప్పుడు ఇరవై మూడు గడపలు. నీళ్ళు లేక ఎర్రవంక విడిచి వెళ్ళినవారు ఇంతవరకు లేరు. భార్యతో పోట్లాడి వెళ్ళినవారు ఇద్దరున్నారు. అది అమ్మవారి పరిధిలోకి రాదు.

ఈ తల్లిని భక్తితో సేవించినవారికి ఇంట పాడి, ఊళ్ళో మాట, ఎండాకాలంలో చల్లని నీరు లభిస్తాయి. శత్రునాశనం కోరేవారు వేరే క్షేత్రం చూసుకోవాలని మనవి. కోరిక తీరినవారు, తీరనివారు కూడా ఇక్కడ కడుపునిండా నీళ్ళు తాగే వెళ్ళాలి. ఈ ఒక్క నియమానికి అడ్డుగా పంతొమ్మిదూళ్ళలో ఇంతవరకు ఎవరూ చేయి ఎత్తలేదు.