తవిటమ్మ గిలిగిచ్చ కాయలు

కొండలకింకా ఎవరూ పేర్లు పెట్టని రోజుల్లో, ఏటి ఒడ్డున ఒక చిన్న ఊరు. ఆ ఊళ్లో మేకలు కాసుకునే తవిటమ్మ. పుట్టుమూగ. మేకల్ని పిలవాలన్నా నోట మాట లేదు. అందుకని గట్ల మీద మొలిచే గిలిగిచ్చ మొక్కల కాయలు, ఎండి లోపల గింజలు మోగేవి, దండ గుచ్చి నడుముకి కట్టుకునేది. నడిస్తే గలగల. మేకలు వెనకే వచ్చేవి. మేకలేనా, ఊళ్లో పిల్లలంతా వెనకే. పిల్లాజెల్లా లేని మనిషి, దానికే మురిసిపోయేది.

ఒకనాడు మిట్టమధ్యాహ్నం కొండ మీంచి చూస్తే, ఎగువన ఆకాశం నల్లగా ఉంది. ఏరు ఎర్రగా పొంగి లోయంతా కమ్ముకుంటూ వస్తోంది. కింద ఊళ్లో మాత్రం ఎండ. జనం అన్నాలు తింటున్నారు. తవిటమ్మ మేకల్ని వదిలేసి పరుగెత్తింది.

మొదటి గుమ్మం ముందు గలగలలాడించింది. నవ్వారు. రెండో గుమ్మం ముందు గలగలలాడించి ఏటి వైపు చెయ్యి చూపించింది. మేకపిల్ల తప్పిపోయిందేమోలే అనుకున్నారు. మూడో గుమ్మం పైడమ్మది. లోపల చంటిబిడ్డని ఉయ్యాల ఊపుతోంది.

"ఏటే తవిటీ, ఇప్పుడే నిద్దరోయింది గుంట. ఆటలాడే ఏలేనా ఇది? ఎల్లు."

ఒక్క మాట కోసం తవిటమ్మ ఎంత పెనుగులాడిందో. మాట రాలేదు. కన్నీళ్లొచ్చాయి.

వీధిలో పిల్లలు చేరి ఉన్నారు. వాళ్లకి ఆ చప్పుడంటే ఆటే. తవిటమ్మ గబగబా కొండవైపు తిరిగింది. ముందు గలగలా ఆమె, వెనక పిల్లలు, వాళ్ల వెనక తిట్టుకుంటూ తల్లులు, కర్రలు పట్టుకుని తండ్రులు. ఊరు ఊరంతా కొండెక్కింది. ఆ పిల్లల్లో ఉన్న పెద్దకూతుర్ని లాక్కురావడానికి పైడమ్మ కూడా ఎక్కింది. పైకొచ్చి వెనక్కి చూస్తే, వీధిలో నీళ్లు.

ఉయ్యాల గుర్తొచ్చి పైడమ్మ కుప్పకూలింది. అందరూ నిలబడిపోయారు. తవిటమ్మ ఒక్కతే దిగింది. మెడలోతు నీళ్లలో బిడ్డని నెత్తిన పెట్టుకుని వచ్చి, నీళ్ల అంచుదాకా దిగొచ్చిన తల్లి చేతికి అందించింది. అంతలో కాలు జారింది. ఏరు తీసుకుపోయింది.

"నా గుమ్మంలోకొచ్చింది. ఎల్లమన్నాను," అని పైడమ్మ బతికినన్నాళ్లూ ఏడ్చింది.

ఇప్పటికీ ఆ చుట్టుపక్కల కలుపు తీసేవాళ్లు గట్టు మీది గిలిగిచ్చని పీకరు. గాలికి కాయలు మోగితే, తినే ముద్ద వదిలేసి గుమ్మంలోకొస్తారు. బయట ఎవరూ ఉండరు. అయినా ఏటి వైపు ఒకసారి చూసి, "వచ్చేసినాం తవిటమ్మా," అని, అప్పుడు మళ్లీ వెళ్లి కంచం ముందు కూర్చుంటారు.