ఊ అనేదాకా

బాజీ పోయినప్పటి నుంచి ఎమ్మెల్యే ఏసోబుకు కంటి మీద కునుకు లేదు. ఇందులో నీ తప్పేముందని ఊరంతా అంటోంది. అనాల్సిన ఒక్క మనిషి మాత్రం అనలేదు. ఆయన మస్తాను మేస్త్రి, బాజీ తండ్రి.

రాజకీయాల్లోకి రాకముందు ఏసోబు బియ్యం గోదాముల్లో హమాలీ. పని నేర్పిన గురువు మస్తానే. క్వింటా బస్తాను ఎంత కండగలవాడైనా తనంతట తాను వీపు మీదికి ఎత్తుకోలేడు. వెనక ఇంకొకడు ఎత్తించాలి. మోసేవాడు కాళ్ళు నిలదొక్కుకుని, బరువు కుదుర్చుకుని 'ఊ' అంటాడు. ఆ మాట వినపడేదాకా ఎత్తించినవాడు చెయ్యి తియ్యకూడదు. మస్తాను ముఠాలో చేరినవాడికి మొదటి పాఠం అదే. ఏసోబు, బాజీ ఒకరికొకరు ఎత్తించుకుంటూ పెరిగిన జత.

మనిషి వీపు మీద యాభై కిలోలకు మించిన బస్తా పెట్టకుండా చట్టం తెస్తానన్నాడు ఏసోబు. ఆ మాట నమ్మి హమాలీలు కాళ్ళరిగేలా తిరిగి గెలిపించారు. అందరికంటే ఎక్కువ తిరిగింది బాజీ. ఏసోబు సభలో అడిగాడు కూడా. పేపర్లో ఫొటో పడింది. మంత్రిగారు భుజం తట్టి, పరిశీలిద్దాం అన్నారు. పరిశీలన అంటే అటకెక్కించడమని పాపం హమాలీకి ఏం తెలుసు? తెలిశాక కూడా ఏసోబు మళ్ళీ అడగలేదు. శంకుస్థాపనలు, పెళ్ళిళ్ళు, పరామర్శలు, రోజుకి ఇరవై నాలుగు గంటలు చాలడం లేదు. గోదాముల్లో క్వింటా బస్తాలు అలాగే ఉన్నాయి. వాటిలో ఒకదాని కిందే బాజీ నడుం విరిగి చనిపోయాడు.

బాజీ నలభయ్యో దినం రేపనగా, భోజనాలకని ఒక చిన్న బియ్యం బస్తా కారులో వేసుకుని ఏసోబు మేస్త్రి ఇంటికి వెళ్ళాడు. గుమ్మం ముందు మంచం మీద ముసలాయన ఒక్కడే కూర్చుని ఉన్నాడు.

"బాబాయ్, సభలో అడిగాను. నీకూ తెలుసుగా."

"తెలుసు."

"చూస్తానన్నారు మంత్రిగారు. ఆ తర్వాత ఇంక నా చేతుల్లో ఏముంది? నువ్వే చెప్పు."

మేస్త్రి కారు వైపు చూశాడు.

"బియ్యమా?"

"రేపటికి."

"దింపు. లోపల పెడతా."

"ఈ వయసులో నీకెందుకు బాబాయ్? డ్రైవరు పెడతాడులే."

"నువ్వు ఎత్తించు."

మేస్త్రి లేచి, వీపు తిప్పి, మోకాళ్ళ మీద చేతులాన్చి వంగాడు. ఏసోబు ఆ వీపు వంక చూశాడు. తను మొట్టమొదట ఎత్తించింది ఆ వీపు మీదికే. అప్పుడది గోడలా ఉండేది. ఇప్పుడు చొక్కా కింద ఎముకలు కనపడుతున్నాయి. బస్తా తెచ్చి మెల్లగా దాని మీదికి చేర్చాడు.

సరిగ్గా అప్పుడే వీధి మలుపులో నలుగురు మనుషులు కనిపించారు.

"ఎమ్మెల్యేగారూ, నమస్కారమండీ."

ఏసోబు చేతులు రెండూ వాటంతట అవే పైకి లేచి జోడించుకున్నాయి. ముఖం మీదికి నవ్వు కూడా వచ్చింది.

బస్తా పక్కకి ఒరిగింది. మేస్త్రి తూలి, గుమ్మం పట్టుకోబోయి, మోకాలి మీద కూలబడ్డాడు. బస్తాను మాత్రం వదల్లేదు.

"అయ్యో, బాబాయ్," అంటూ ఏసోబు వంగి బస్తా కింద రెండు చేతులూ పెట్టాడు.

ముసలాయన వెనక్కి తిరిగి చూడలేదు. కాసేపు ఊపిరి పీల్చుకున్నాడు. కోపం లేని గొంతుతో అన్నాడు.

"నేనింకా ఊ అన్లేదురా."

వీధిలోవాళ్ళు ఇంకా నమస్కారాలు పెడుతూనే ఉన్నారు. ఏసోబుకు కళ్ళ నిండా నీళ్ళు తిరిగి చెంపల మీదికి జారాయి. తుడుచుకుందామంటే చేతులు బస్తా కింద ఉన్నాయి. తియ్యలేదు.